కప్ప ముందా, కరెంటు ముందా?

"కప్ప కోసం కరెంటు మానుకుంటామా?" అన్న ప్రశ్న ఒకటి మన మధ్య ఎప్పుడూ తిరుగుతూ వుంటుంది. ఏ ఆనకట్ట మాట వచ్చినా, ఏ కాలువ మీద తగువు వచ్చినా, కప్ప పేరు తీసేసి పిట్ట పేరో చేప పేరో పెట్టి ఇదే ప్రశ్న మళ్ళీ వేస్తారు. అడగటం తప్పు కాదు. పరీక్షల ముందు రాత్రి హాస్టల్లో దీపాలు ఆరిపోతే ఎవరికీ కప్ప గుర్తుకు రాదు. జంతుశాస్త్రం చెప్పి బతుకుతున్న నాకూ రాదు. కానైతే, యీ ప్రశ్నను అక్షరాలా ఎదుర్కొన్న కప్ప ఒకటి నిజంగానే వుంది. దాని సంగతి మొదటినుంచీ వింటే, జవాబు సంగతి అటుంచి అసలు ప్రశ్ననే వంకరగా వేస్తున్నామేమో అనిపిస్తుంది. విద్యార్థి సంఘం వారు యీ సంచికకు "ఏదైనా పనికొచ్చేది రాయండి సార్" అన్నారు గనుక, ఆ కప్ప గురించే రాస్తున్నాను. పనికొస్తుందో లేదో చదివినవాళ్ళే చెప్పాలి.

తూర్పు ఆఫ్రికాలో టాంజానియా అనే దేశం వుంది. దాని దక్షిణ మధ్య ప్రాంతంలో ఉడ్‌జుంగ్వా అనే కొండలున్నాయి. ఇవి ఈస్టర్న్ ఆర్క్ అని పిలిచే పాత పర్వతాల వరుసలోవి. హిందూ మహాసముద్రం మీదనుంచి వచ్చే తడిగాలి యీ కొండలకు తగిలి వానలు కురుస్తాయి. చుట్టూ పొడినేల, మధ్యమధ్య కొండల మీద తడి అడవులు. సముద్రంలో దీవులెలా వుంటాయో, యీ అడవులు నేలమీద అలా విడివిడిగా వుంటాయి. లక్షల ఏళ్ళుగా ఒక కొండ అడవికీ మరో కొండ అడవికీ రాకపోకలు లేక, ఒక్కో కొండ మీద ఒక్కో రకం జీవులు తయారయ్యాయి. పక్క కొండకు పోతే అవి కనిపించవు.

ఆ కొండల అంచునుంచి కిలొంబెరో లోయలోకి దిగే నది పేరు కిహాన్సి. నది పెద్దదేమీ కాదు గాని దూకుడు ఎక్కువ. నిటారు రాళ్ళ మీదనుంచి ఇరుకైన గండిలోకి పడుతుంది. అంత ఎత్తునుంచి పడిన నీరు రాతికి కొట్టుకొని పొడిపొడిగా లేస్తుంది. ఆ తుంపరను గాలి పక్కవాలు మీదికి తోస్తుంది. పగలూ రాత్రీ, ఎండాకాలం వానాకాలం అన్న తేడా లేకుండా, ఆ వాలు తడుస్తూనే వుంటుంది. అక్కడ పెద్ద చెట్లు నిలవవు. నాచు, ఫెర్నులు, గడ్డి, మన వృక్షశాస్త్రం ప్రాక్టికల్సులో గాజుపలక మీద మాత్రమే చూసే సెలాజినెల్లా, మెత్తటి దుప్పటి పరిచినట్టు వుంటాయి. ఇలాంటి తడి పచ్చికలు గండిలో మూడు నాలుగు చోట్ల వున్నాయి. అన్నీ కలిపినా సుమారు రెండు హెక్టార్లు. మన లెక్కలో అయిదెకరాలు. అంటే ఒక చిన్నకారు రైతు కమతం. యీ భూగోళం మొత్తం మీద మనం చెప్పుకోబోయే కప్ప సొంత వూరు ఆ అయిదెకరాలే. మరెక్కడా లేదు.

దాని శాస్త్రీయనామం నెక్టోఫ్రైనాయిడిస్ ఆస్పెర్జినిస్. ఆ రెండోమాటకు లాటిన్‌లో తుంపర అని అర్థం. మనం తుంపర కప్ప అనుకుందాం. అసలు గోదురుకప్పల కుటుంబానికి చెందినది. గోదురుకప్ప అనగానే మనకు వానాకాలంలో వీధిదీపం కింద కూర్చుని పురుగులు మింగే, ఒంటినిండా పొక్కులున్న బండజీవి గుర్తొస్తుంది. దీన్ని దానికి చుట్టమంటే నమ్మలేం. ఆడది బాగా ఎదిగితే మూడు సెంటీమీటర్లకు కాస్త తక్కువ. మగది రెండు సెంటీమీటర్లకు కూడా తక్కువ. రూపాయి బిళ్ళ మీద మగకప్పను కూర్చోబెట్టొచ్చు. ఒళ్ళు పసుపు రంగు. పొట్ట చర్మం ఎంత పలచనంటే, చూలుతో వున్న ఆడకప్పను వెల్లకిలా తిప్పి చూస్తే లోపల పెరుగుతున్న పిల్లలు బయటికి కనిపిస్తాయి. స్కానింగు అక్కర్లేదు. చెవి దగ్గర బయటికి కనిపించే కర్ణభేరి లేదు. అయినా మగకప్పలు అరుస్తాయి, జలపాతం హోరు పక్కనే కూర్చుని. ఆ అరుపు ఆడకప్పకు ఎలా చేరుతుందన్నదే ఒక పరిశోధనాంశమైంది.

పొట్టలో పిల్లలు అన్నాను. పొరపాటున అన్నమాట కాదు. మన పాఠ్యపుస్తకాల్లో కప్ప జీవితచరిత్ర అంటే ఒకటే బొమ్మ: నీళ్ళలో గుడ్లు, గుడ్లలోంచి తోకకప్పలు, తోక పోయి కాళ్ళు వచ్చి చివరకు కప్ప. బాణం గుర్తులతో గుండ్రంగా వేసిన ఆ బొమ్మను గీయని విద్యార్థి లేడు. తుంపర కప్ప ఆ బొమ్మలో ఇమడదు. ఇది నీళ్ళలో గుడ్లు పెట్టదు. ఫలదీకరణ తల్లి శరీరంలోనే జరుగుతుంది. గుడ్లు స్త్రీబీజవాహికలోనే వుండిపోతాయి. తోకకప్ప దశ అంతా అక్కడే, గుడ్డులోని సొన తింటూ గడిచిపోతుంది. ఒక కాన్పులో పదికి అటూ ఇటూగా, అయిదు మిల్లీమీటర్ల పొడవు కూడా వుండీలేనట్టుగా, కాళ్ళూ చేతులూ అన్నీ వచ్చిన బుల్లి కప్పలు పుడతాయి. పుట్టినప్పుడు పసుపు రంగు వుండదు, నల్లగా వుంటాయి. పుట్టిన క్షణంనుంచి ఎవరి తిండి వాళ్ళు వెతుక్కోవలసిందే.

ఎందుకిలా? నిటారు వాలు మీద నిలవనీరు లేదు. వున్న నీరంతా పరుగెత్తే నీరే. అందులో గుడ్లు పెడితే క్షణంలో లోయ కింద వుంటాయి. చెరువు లేని చోట తల్లి కడుపే చెరువయింది అనుకుంటే తేలిగ్గా అర్థమవుతుంది. యీ పద్ధతి ఇదొక్కటే కనిపెట్టింది కూడా కాదు. ఇదే ప్రజాతికి చెందిన ఇతర టాంజానియా కప్పలు పిల్లల్ని కంటాయని జర్మన్ శాస్త్రజ్ఞుడు గుస్టావ్ టోర్నియర్ 1905లోనే చెప్పాడు. పశ్చిమ ఆఫ్రికాలో నింబా పర్వతం మీద వుండే మరొక చిన్న గోదురుకప్ప ఇంకా ముందుకు పోయింది. సొన అయిపోయాక కూడా తల్లి తన శరీరంలోంచే ఆహారం వూరించి, తొమ్మిది నెలలు మోసి మరీ కంటుంది. తొమ్మిది నెలలు! ప్రపంచంలో వేలకొలది కప్పజాతులుంటే, పిల్లల్ని కనేవి వేళ్ళమీద లెక్కపెట్టదగినన్ని. వాటిలో ముఖ్యమైనవి ఆఫ్రికా కొండలమీదే వున్నాయి. బీజావరణ పొరలు లేని జీవి గర్భం మోయటం ఎలా నేర్చుకుంది అన్నది జీవపరిణామంలో చిన్న ప్రశ్న కాదు. దానికి జవాబు చెప్పగల సాక్షులు ఇంతమందే.

ఇంతవరకూ ప్రకృతి శాస్త్రం. ఇక కరెంటు.

1990ల తొలి సంవత్సరాల్లో టాంజానియాకు వానలు తప్పి, జలాశయాలు ఎండి, రాజధానిలో కూడా గంటల కొద్దీ కరెంటు కోత వుండేది. జనాభాలో ఎక్కువమంది ఇళ్ళకు అసలు కరెంటే లేదు. అలాంటి దేశానికి కిహాన్సి నది ఒక వరంలా కనిపించింది. కొద్ది దూరంలోనే వందల మీటర్ల ఎత్తునుంచి నీరు పడుతోంది. పెద్ద జలాశయం అక్కర్లేదు. చిన్న అడ్డుకట్ట వేసి, నీటిని కొండలోపల తవ్విన సొరంగంలోకి మళ్ళించి, భూగర్భంలో యంత్రాలు పెడితే 180 మెగావాట్లు. ప్రపంచ బ్యాంకు, యూరపు దేశాలు అప్పూ సాయమూ ఇచ్చాయి. 1994 ప్రాంతంలో పని మొదలైంది. శతాబ్దం మారే సరికి కరెంటు వచ్చేసింది. ఆ రోజుల్లో దేశం మొత్తం వాడకంలో ఇది చెప్పుకోదగ్గ భాగం.

ఇక్కడ ఒక్క నిమిషం ఆగాలి. ఎందుకంటే, ఆనకట్టలను తిట్టటం అలవాటైనవాళ్ళకు యీ ప్రాజెక్టు చేతికి చిక్కదు. మామూలు కొలబద్దలు పెట్టి చూస్తే ఇది మంచి ప్రాజెక్టు. మునిగిన వూళ్ళు లేవని చెప్పొచ్చు. వేలమంది నిర్వాసితులు లేరు. పెద్ద అడవి నీళ్ళ కింద పోలేదు. మన దగ్గర శ్రీశైలం కింద మునిగిన వూళ్ళ సంగతి తెలిసినవాళ్ళకు ఇది ఎంత పెద్ద విషయమో చెప్పనక్కర్లేదు. ఆనకట్ట అనగానే మన చూపు ఎగువకు పోతుంది, ఏం మునుగుతుంది అని. కిహాన్సిలో మునిగింది తక్కువే. కష్టం వచ్చింది దిగువన. నీళ్ళు వచ్చి కాదు, నీళ్ళు రాక. నది సొరంగంలోకి పోయాక జలపాతంలో మిగిలింది సుమారు పదోవంతు. జలపాతం సన్నబడితే తుంపర లేవదు. తుంపర లేవకపోతే ఆ అయిదెకరాల పచ్చిక మామూలు కొండవాలు. ఏ నివేదికలోనూ "తుంపర" అనే పద్దు వుండదు. లెక్కలో లేనిది పోయినట్టు లెక్క తేలదు కదా.

మరి కప్ప సంగతి ఎవరికీ తెలియదా? తెలియదు. అసలు విషయం అంతా ఇదే. నిర్మాణం మొదలయ్యాక జరిగిన జీవజాతుల పరిశీలనలో, 1996లో, యీ కప్ప మొట్టమొదటిసారి శాస్త్రజ్ఞుల కంటపడింది. అప్పటికి ఒప్పందాలు అయిపోయాయి, అప్పులు తీసుకున్నారు, కొండ తవ్వుతున్నారు. జాన్ పాయింటన్, దార్ ఎస్ సలాం విశ్వవిద్యాలయంలో పనిచేసిన కిమ్ హోవెల్, బారీ క్లార్క్, జాన్ లోవెట్ అనే నలుగురు దీన్ని వర్ణించి పేరు పెట్టిన వ్యాసం 1999లో వచ్చింది. కప్పకు పేరు రావటమూ, కప్ప నీరు పోవటమూ ఇంచుమించు ఒకేసారి జరిగాయి. బారసాలనాడే ఇల్లు కూల్చినట్టయింది. ఆ గండిలోనే ఒక అడవి కాఫీ మొక్క కూడా దొరికింది. దానికీ కిహాన్సి పేరే పెట్టారు. ఇంకా ఎన్నున్నాయో, చూసేవాళ్ళు ముందే పోయి వుంటే తెలిసేది.

నీరు తగ్గిన కొద్ది నెలలకే పచ్చిక ఎండటం మొదలైంది. పొడినేల కలుపుమొక్కలు చొరబడ్డాయి. కప్పలు మిగిలిన తడి చుట్టూ గుమిగూడాయి. అప్పుడు మొదలయింది హడావుడి. గొట్టాలు వేసి, పక్కవాగుల నీళ్ళు తెచ్చి, వాలుమీద తుంపర చిమ్మే ఏర్పాటు చేశారు. మన తోటల్లో స్ప్రింక్లర్లు పెడతామే, అలాంటిదే. ఒక జలపాతం చేసే పనిని గొట్టాల చేత చేయించటానికి మిలియన్ల డాలర్లు ఖర్చయ్యాయి. నవ్వొస్తుంది గాని, అది పనిచేసింది కూడా. పచ్చిక కోలుకుంది. 2003 జూన్‌లో లెక్కపెడితే కప్పలు సుమారు ఇరవై వేలు తేలాయి. కథ సుఖాంతమని అందరూ అనుకున్నారు.

ఆ తర్వాత ఆరేడు నెలల్లో, 2004 జనవరిలో మళ్ళీ వెతికితే, మూడు కప్పలు కనిపించాయి. మరి రెండింటి అరుపు వినిపించింది. అంతే.

ఏమైంది? చచ్చిన కప్పల చర్మం మీద కైట్రిడ్ అనే బూజు కనిపించింది. కప్పలు చర్మంతో కూడా శ్వాసిస్తాయి, చర్మంతోనే నీరూ లవణాలూ సరిచూసుకుంటాయి. ఆ చర్మాన్నే యీ బూజు పాడుచేస్తుంది. చివరికి గుండె ఆగిపోతుంది. ఆస్ట్రేలియాలోనూ మధ్య అమెరికాలోనూ కప్పజాతుల్ని వరసగా తుడిచిపెట్టినది ఇదే. దీనికి శాస్త్రజ్ఞులు పేరు పెట్టినది కూడా 1999లోనే. చంపినదీ చచ్చినదీ ఒకే సంవత్సరం పుస్తకాలకెక్కాయి. బూజు గండిలోకి ఎలా వచ్చిందన్నది వాదన. కప్పల్ని కాపాడటానికి వచ్చినవాళ్ళ బూట్లతోనే వచ్చి వుండవచ్చునన్న అనుమానం కూడా వుంది. ఆనకట్ట అడుగున పేరుకున్న బురదను 2003లో కడిగి వదిలినప్పుడు ఎగువ పొలాల పురుగుమందులు దాంతోపాటు దిగి కప్పల్ని బలహీనపరిచాయన్నది మరొక వాదం. ఒక్క ఆనకట్టనే ముద్దాయిగా నిలబెట్టి తీర్పు చెప్పేయటం నాకు ఇష్టం లేదు. అయితే, ఎండి, ఇరుకై, గొట్టాల నీటి మీద బతుకుతున్న ప్రాణికి ఏ చిన్న జబ్బయినా పెద్ద జబ్బే. పస్తులున్నవాడికి చలిజ్వరం వచ్చినట్టు. చచ్చింది జ్వరంతోనే, కాదనం. పస్తుల మాట కూడా రాయాలి గదా.

2009లో ఐ.యు.సి.ఎన్. వారు యీ కప్ప అడవిలో అంతరించిందని ప్రకటించారు. "అడవిలో" అన్నమాట గమనించండి. ఎందుకంటే, 2000 సంవత్సరం చివర్లో, ఎందుకైనా మంచిదని, 499 కప్పల్ని పట్టి విమానంలో అమెరికా జంతుప్రదర్శనశాలలకు పంపారు. టాంజానియా ప్రభుత్వం అనుమతితో న్యూయార్కులోని బ్రాంక్స్ జూ వాళ్ళు చేసిన పని ఇది. ఆ ముందుచూపును మెచ్చుకోవలసిందే. కాని అక్కడా తేలిగ్గా సాగలేదు. వీటికి ఏం కావాలో ఎవరికీ తెలియదు. ఎంత తడి వుండాలి, ఎలాంటి వెలుతురు కావాలి, ఏం తింటాయి, ఎన్ని కలిసి వుంటే మంచిది, అన్నీ కొత్త. పరాన్నజీవులు, పోషకలోపాలు ఒకదాని వెంట ఒకటి వచ్చాయి. 2004 చివరికి అమెరికాలో మిగిలినవి డెబ్భై కూడా లేవు. అంటే ఒక దశలో యీ జాతి మొత్తాన్ని ఒక స్వీట్ల డబ్బాలో పెట్టి మోసుకుపోవచ్చు. ఆ డెబ్భైతో, ఓహియోలోని టొలీడో జూ వాళ్ళూ బ్రాంక్స్ జూ వాళ్ళూ కుస్తీపట్టి, శుద్ధిచేసిన నీటి తుంపర, అతినీలలోహిత దీపాలు, కంటికి ఆనని బుల్లి పురుగుల పెంపకం అన్నీ కుదిర్చాక, సంతానం పెరగటం మొదలై వేలకు చేరింది.

ఒక్కసారి తిరిగి చూడండి. యీ కప్పకు ఎంత వెలుతురు కావాలో, ఎలా తింటుందో, గండిలో ఒక ఏడాది కూర్చున్న మనిషి రాసుకునేవాడు. పెన్సిలూ, నోటుపుస్తకమూ, ఉష్ణమాపకమూ వుంటే చాలు. ఆ ఏడాది పని ఎవరూ చేయలేదు కనుక, తర్వాత పదేళ్ళు, మిలియన్ల డాలర్లతో, మరో ఖండంలో, కప్పలు చచ్చిపోతూ వుండగా నేర్చుకోవలసి వచ్చింది. చేతులు కాలాక ఆకులు పట్టుకోవటం అంటే ఇదే. అందుకే, కప్ప ముందా కరెంటు ముందా అన్న పందెం అసలు జరగనే లేదంటాను. తూకంలో ఒక పక్కే బరువు వేశారు. రెండో పక్క వేయవలసిన వస్తువు వుందని తెలిసేసరికి కొట్టు కట్టేశారు. ముందే తెలిసివుంటే ఏం చేసేవారు? ప్రాజెక్టు ఆపేసేవారని నేననుకోను, ఆపమని అడగను కూడా. యంత్రాల పరిమాణం కాస్త తగ్గించి, జలపాతానికి వదిలే నీరు ఎంతో మొదటే ఒప్పందంలో రాసుకునేవారు. తుంపర ఏర్పాటు కావాలంటే నీరు మళ్ళించకముందే చేసేవారు. బందీగా పెంచే పద్ధతి తీరికగా నేర్చుకునేవారు. వీటిలో ఏదీ దేశాన్ని చీకట్లో వుంచేది కాదు.

తిరుగు ప్రయాణం సంగతీ చెప్పాలి. 2010లో వంద కప్పలు అమెరికానుంచి దార్ ఎస్ సలాంకు విమానమెక్కి వచ్చాయి. విశ్వవిద్యాలయంలో వాటికోసం ప్రత్యేక కేంద్రం కట్టారు. టాంజానియా యువకులు అమెరికాకు పోయి పెంపకం నేర్చుకొని వచ్చారు. 2012లో మొదట కొన్ని, తర్వాత రెండు వేలకు పైగా కప్పల్ని కిహాన్సి గండిలో వదిలారు. అడవిలో అంతరించిందని ప్రకటించిన ఉభయచరాన్ని తిరిగి దాని చోట వదలటం అంతకుముందు ప్రపంచంలో జరగలేదు. బూజు ఇంకా అక్కడే వుంది. దాంతో బతకటం కప్పలు నేర్చుకోవాలి. ఐ.యు.సి.ఎన్. వారు మాత్రం తొందరపడి తమ పుస్తకంలో ముద్ర చెరపలేదు.

ఇదంతా ఎక్కడో ఆఫ్రికా సంగతి అని పక్కన పెట్టేవాళ్ళకు కడపజిల్లా గుర్తుచేస్తాను. జెర్డాన్ దొర పేరుమీద శాస్త్రజ్ఞులు పిలిచే, మనవాళ్ళు కలివికోడి అనే పిట్ట 1900 తర్వాత ఎవరికీ కనిపించక, అంతరించిందనే అనుకున్నారు. 1986లో లంకమల ప్రాంతపు పొదల్లో రాత్రిపూట మళ్ళీ దొరికింది. శాస్త్రజ్ఞులు ఎన్నో రోజులు తిరిగినా దొరకనిది, అక్కడి పిట్టలవేటగాడికి దొరికింది. ఆ పిట్ట అతనికి కొత్త కాదు, కొత్త మనకే. తర్వాత తెలుగుగంగ కాలువ అదే పొదలమీదుగా పోవలసి వచ్చింది. వాదోపవాదాలు జరిగి, కాలువ దారి మార్చారు. కాలువ ఆగలేదు, నీళ్ళు ఆగలేదు. పిట్ట వుందని ముందే తెలియటం వల్ల దారి మార్చటం అనే మాట అయినా పుట్టింది. తెలియకపోయి వుంటే, దాని పొదలు పోయాక దాని పేరు ఏ మ్యూజియం సొరుగులోనో వెతుక్కునేవాళ్ళం. ఆ పిట్ట ఇప్పటికీ ప్రమాదంలోనే వుంది, కాదనటంలేదు. పోల్చి చూడమంటున్నాను, అంతే.

ఇప్పుడు మన శాఖ సంగతి. కొందరికి నచ్చకపోవచ్చు. మన రాష్ట్రపు కళాశాలల్లో తరతరాలుగా జంతుశాస్త్రం అంటే కప్ప. మైనపు పళ్ళెం, గుండుసూదులు, క్లోరోఫాం వాసన, పాత విద్యార్థులెవరూ మరచిపోరు. కప్ప రక్తప్రసరణ బొమ్మ నిద్రలో లేపి అడిగినా గీస్తారు. కళాశాలలకు కప్పలు సరఫరా చేసేవాళ్ళ వెంట ఒక వర్తకమే నడిచింది. దానికి తోడు కప్పకాళ్ళ ఎగుమతి వుండేది. పొలాల్లో పురుగులు తినే కప్పలన్నీ పోతున్నాయని 1987లో దాన్ని నిషేధించారు. 2014లో యు.జి.సి. వారు డిగ్రీ తరగతుల్లో జంతువుల్ని కోయటం మాన్పించారు. మంచిదే. కాని కోయటం మానేశాక దాని స్థానంలో ఏం పెట్టాం? కంప్యూటరు తెరమీద కప్పబొమ్మను కోస్తున్నాం. బల్లమీది కప్ప తెరమీదికి ఎక్కింది. చెరువుగట్టు మీది కప్ప దగ్గరికి మాత్రం అప్పుడూ పోలేదు, ఇప్పుడూ పోవటంలేదు. మా రోజుల్లో కప్ప గుండెకు ఎన్ని గదులో చెప్పగలిగేవాళ్ళం గాని, మా హాస్టలు వెనక గుంటలో వానరాత్రి అరిచేవి ఎన్ని రకాలో చెప్పగలిగినవాడు లేడు.

మన పల్లెల్లో వానలు తప్పినప్పుడు పిల్లలు రోకలికి కప్పనూ వేపమండలనూ కట్టి, కప్పతల్లి అంటూ ఇంటింటికీ తిరుగుతారు. ఇల్లాళ్ళు చెంబుతో తెచ్చి దానిమీద నీళ్ళు పోస్తారు. ఆ కప్ప సుఖపడుతుందని నేననను, పాపం. కాని తడికీ కప్పకూ ముడివుందని, కప్ప ఎండితే మనకూ మంచిది కాదని ఆ ఇల్లాలికి తెలుసు. డిగ్రీ చదివిన మనం ఆ ముడిని ఒక కొలతగా, ఒక తేదీగా, ఒక జాబితాగా రాసిపెట్టి వుంటే, రేపు కాలువ గీత గీసే ఇంజనీరు ముందు పెట్టటానికి ఒక కాగితం వుంటుంది. ఇంజనీరును తిట్టటం తేలిక. మన కాగితం ఏదీ అని అతనడిగితే మనదగ్గర లేదు.

అయ్యా, కొలువుకు పనికిరాని పని ఎవడు చేస్తాడు అని అడగొచ్చు. న్యాయమే. పరిశోధన అంటే ఇవాళ జన్యువులు, ఖరీదయిన యంత్రాలు. ఒక కుర్రవాడు మూడేళ్ళు ఒక కొండమీద కూర్చుని కప్పల్ని లెక్కపెట్టి వస్తే "ఇంతేనా?" అంటారు. ఇంటర్వ్యూలో కూర్చున్న పెద్దలు కూడా అంటారు, నేను విన్నాను. జీవజాతుల్ని గుర్తుపట్టి పేరు చెప్పగల పెద్దలు ఒక్కొక్కరే పదవీ విరమణ చేసి వెళ్ళిపోతుంటే, వాళ్ళ స్థానంలో ఆ విద్య వచ్చినవాళ్ళను తీసుకోవటంలేదు. పశ్చిమ కనుమల్లో నేలలోపల బతికే నాసికాబత్రాకస్ అనే ఊదారంగు కప్పను శాస్త్రలోకానికి పరిచయం చేసింది 2003లో. ఒక కొత్త కుటుంబమే పెట్టవలసి వచ్చింది. అక్కడి రైతులకు అది ఏనాటినుంచో తెలుసు. పశ్చిమ కనుమల్లో చూసేవాళ్ళున్నారు గనుక దొరికింది. మన తూర్పు కనుమల్లో, నల్లమలలో, పాపికొండల్లో ఏమున్నదో అంత ఓపికగా చూసినవాళ్ళు ఎంతమంది?

విద్యార్థి సంఘానికి నాదొక కోరిక వుంది. ఏటా ఎన్నికలకూ, వార్షికోత్సవం లైట్లకూ ఖర్చుపెట్టే దానిలో ఇది ఒక వంతు కూడా కాదు. మన కళాశాల ఆవరణలో రెండు గుంటలు, ఒక పాతబావి, క్రీడామైదానం పక్కన మురుగుకాలువ వున్నాయి. జూన్‌లో తొలివాన పడిన రాత్రి, ఇద్దరిద్దరుగా, టార్చిలైటూ నోటుపుస్తకమూ పట్టుకొని ఆ నాలుగుచోట్లకూ పొండి. ఏ కప్ప ఏ గంటకు అరిచింది, నీరు ఎంత లోతు, గుడ్లు నురగలో వున్నాయా దండల్లా వున్నాయా, రాయండి. ఫోనులో అరుపు రికార్డు చేయటం ఇప్పుడు మీకు పిల్లాట. పాముల భయం వుంటే బూట్లు వేసుకోండి. తిరిగొచ్చాక ఆ బూట్లు కడుక్కోవటం మరవకండి, ఎందుకో పైన చెప్పాను. వచ్చే ఏడు అదే రాత్రి అదే చోట్లకు మళ్ళీ వెళ్ళాలి. పేర్లు పట్టటం చేతగాకపోతే మా శాఖలో అడగండి, మాకూ తెలియకపోతే కలిసి నేర్చుకుందాం. మైదానం పక్కన కొత్త హాస్టలు కడతారని అనుకుంటున్నారు. కొలతల తాడు పట్టుకొని మనుషులు వచ్చే లోపల ఒక్క వానాకాలం మన చేతిలో వుంది.